సాక్షి సంతకం

"ఎవరైనా ఇద్దరు వచ్చి సంతకం పెట్టండయ్యా!" జ్ఞానవివాహం ముగిసి ఫొటోలు తీస్తుండగా మన విచారణలలో తరచు వినిపించే కేక ఇది. చేతికి అందినవారే సాక్షులు!

శ్రీసభ చట్టం 1108వ అధికరణ ప్రకారం పీఠాధిపతి గాని, విచారణ గురువు గాని, వారి అధికారం పొందిన గురువు లేక డీకను గాని ఎదుట, ఇద్దరు సాక్షుల సమక్షంలో జరిగితేనే కతోలిక వివాహం చెల్లుతుంది. సాక్షులు కతోలికులే కానక్కరలేదు. అక్కడ ఉండి, జరిగేది గ్రహించగలిగితే చాలు.

ఈ నియమం వెనుక స్త్రీల కన్నీళ్ళున్నాయి. ఒకప్పుడు యూరపులో ఇద్దరూ చాటుగా మాట ఇచ్చుకున్నా పెండ్లి చెల్లేది. తరువాత పురుషుడు "ఆమెను నేనెరుగను" అని మరొకతెను అందరి ఎదుట చేసుకుంటే, మొదటి ఆమెకు ఋజువేది? ఈ అన్యాయాన్ని అరికట్టడానికే 1563లో ట్రెంట్ మహాసభ గురువును, సాక్షులను తప్పనిసరి చేసింది. ప్రాణాపాయంలోను, నెల రోజుల వరకు గురువు దొరకని చోటను సాక్షుల ఎదుటనే పెండ్లాడవచ్చునని 1116వ అధికరణ అంటుంది. గురువు లేకున్నా సాక్షులు ఉండాలి. మా గురువులం కూడ తలచుకోవలసిన మాటే!

మరి సాక్షి దేనికి సాక్షి? చెవికి వినబడిన సమ్మతికి. హృదయం దేవునికే తెలుసు, నిజమే. అయితే మేనరికం తప్పదని ఇంటివారు బెదిరించగా ఏడ్చి ఏడ్చి పీఠం ముందుకు వచ్చిన అమ్మాయి "సమ్మతమే" అన్నదనుకోండి. సంగతంతా తెలిసిన పినతండ్రి "నేను విన్నదే కదా" అని సంతకం పెట్టవచ్చునా? బలవంతం వలన, తీవ్ర భయం వలన జరిగిన వివాహం చెల్లదని 1103వ అధికరణ. అతడు విన్న మాట నిజమే. కాని ఆమె ఇష్టపడిందని ఆ సంతకం లోకానికి చెబుతుంది. అది అబద్ధమని అతనికి తెలుసు. నిజంగా విన్న మాటతోనే ఎనిమిదవ ఆజ్ఞ మీరవచ్చు.

"పెండ్లి చెడగొట్టాడన్న నింద నాకెందుకు?" అంటారు. ఆ భయం చిన్నది కాదు; మన ఊళ్ళలో బంధుత్వాలే తెగిపోతాయి. అయినా పెండ్లినాడు పీఠం ముందు కేకలు వేయమని ఎవరూ అనడం లేదు. గుడిలో వివాహ ప్రకటనలు చదివేదే ఆటంకాలు తెలిసినవారు చెప్పడానికి. ముందు ఆ అమ్మాయిని ఒంటరిగా పలకరించి అడగవచ్చు. తరువాత విచారణ గురువుతో రహస్యంగా చెప్పవచ్చు. వధూవరులను విడివిడిగా కూర్చోబెట్టి అడిగే బాధ్యత ఆయనది.